'అచీవ్‌మెంట్ అన్‌లాక్డ్': వచ్చిందా, పడిందా, కొట్టామా?

అక్షరాలబండి:
అందరికీ నమస్కారం. ఆటల్లో మన అచీవ్‌మెంట్లు, స్టాట్స్ ఫోన్‌లోనూ కంప్యూటర్‌లోనూ ఎక్కడ చూసుకోవాలో చెప్పే సహాయ పేజీ ఒకటి తెలుగులో రాయాలి. అచీవ్‌మెంట్ అంటే వీడియో గేమ్‌లో ఫలానా పని పూర్తిచేస్తే దక్కే గుర్తింపు, స్టాట్స్ అంటే ఆడినదాని లెక్కలు. మూడు మాటల దగ్గర బండి ఆగింది: అచీవ్‌మెంట్, అన్‌లాక్డ్, స్టాట్స్. నిఘంటువు చెప్పినట్టు రాస్తే 'మీ సాధన తాళం తీయబడింది' అని వచ్చింది. ఇది చదివినవాళ్లు తాళంచెవి వెతుక్కుంటారు తప్ప బటన్ నొక్కరు. ఏం చేద్దాం?

నల్లపూస:
'సాధన' మాత్రం వద్దండీ. తెలుగు మీడియంలో లెక్కలు చేసినవాళ్లకు సాధన అంటే ప్రశ్న కింద రెండు చుక్కలు పెట్టి మొదలుపెట్టే జవాబు. మిగతావాళ్లకు సంగీత సాధన, యోగ సాధన, అంటే ఇంకా సాగుతున్న పని. అచీవ్‌మెంట్ అలా కాదు, అయిపోయిన పని. పోనీ 'సాధించు' నుంచి నామవాచకం చేద్దామంటే 'సాధింపు' అవుతుంది. 'మీ సాధింపులన్నీ ఇక్కడ చూడండి' అని బటన్ పెడితే అత్తాకోడళ్ల సీరియల్ అనుకుంటారు.

'విజయాలు' వినడానికి బాగుంటుంది గానీ, చాలా ఆటల్లో ప్రొఫైల్ తెరమీదే గెలిచిన మ్యాచ్‌ల సంఖ్య కూడా ఉంటుంది. దాన్నీ విజయాలే అనాలి. ఒకే తెరలో 'విజయాలు 120', దాని కింద 'విజయాలు 14' కనబడితే ఏది దేనిదో రాసినవాడికే తెలియదు.

'ఘనత' కొంత నిలబడుతుంది. పొట్టి మాట, సంయుక్తాక్షరం లేదు, పత్రికల క్రీడా పేజీలో రోజూ కనిపించేదే. చిక్కల్లా అది మరీ పెద్ద మాట కావడం. ఆట మొదలుపెట్టి మొదటి తలుపు తీసినందుకు కూడా అచీవ్‌మెంట్ ఇస్తారు. దాన్ని ఘనత అంటే వెటకారంలా ఉంటుంది, 'ఏం ఘనకార్యం చేశావులే' అన్నట్టు.

కీబోర్డు కాకి:
నామవాచకం దగ్గర అంత కొట్టుకోవద్దు, 'అచీవ్‌మెంట్' అనే ఉంచేయండి. ఆడేవాళ్లందరికీ తెలుసు. తెలుగుతనం క్రియలో ఉంది. మాట్లాడేటప్పుడు ఎవరూ 'అన్‌లాక్ అయింది' అనరు, మూడు మాటలు వాడతారు. ఆట దానంతట అదే ఇస్తే 'వచ్చింది'. కష్టపడి తెచ్చుకుంటే 'కొట్టాడు'. ర్యాంకు కొట్టాడు, సిక్స్ కొట్టాడు, ప్రైజు కొట్టాడు అన్నట్టే ప్లాటినమ్ (ప్లేస్టేషన్‌లో అచీవ్‌మెంట్లను ట్రోఫీలంటారు, వాటిలో అన్నిటికన్నా పెద్దది) కొట్టాడు. 'మొదటి పాఠం అచీవ్‌మెంట్ కొట్టాను' అని ఎవడైనా అంటే పక్కవాళ్లు నవ్వుతారు. ఇంగ్లిష్‌లో రెండింటికీ ఒకటే అన్‌లాక్, మనకు తేడా క్రియలోనే తెలిసిపోతుంది.

ఓరుగల్లు:
కాకి అన్నా, మూడోది చెప్పలే నువ్వు. మా దిక్కు 'పడ్డది' అంటరు. అకౌంట్ల పైసలు పడ్డయ్, మెసేజ్ పడ్డది, ట్రోఫీ పడ్డది. ఎక్కడో లెక్కల జమ అయింది అన్నట్టు. అసలు ఈ పేజీకి కావల్సింది గీ మాటే. ఎందుకంటే సహాయం అడిగేటోళ్లు అచీవ్‌మెంట్ ఏడుంది అని తక్కువ అడుగుతరు, 'చేసిన గని పడలే' అని ఎక్కువ అడుగుతరు.

గోదారిగట్టు:
ఓరుగల్లు గారు అసలు విషయం పట్టుకున్నారు. 'చేశాను కానీ పడలేదు' అనే శీర్షిక కింద రాయాల్సినవి ఇవిగో. ముందు ఎక్కడ చూడాలో, తర్వాత ఎందుకు పడదో.

స్టీమ్ (కంప్యూటర్ ఆటలు కొని ఆడే యాప్): కంప్యూటర్‌లో లైబ్రరీ తెరిచి ఆట పేరు నొక్కితే, ఆట పేజీలో కుడివైపు అచీవ్‌మెంట్ల పెట్టె ఉంటుంది. దాన్ని నొక్కితే మొత్తం జాబితా. ఆట మధ్యలోనే చూడాలంటే షిఫ్ట్, ట్యాబ్ కలిపి నొక్కాలి. ప్రపంచంలో ఆడినవాళ్లలో ఎంత శాతం మందికి వచ్చిందో కూడా ఆ పేజీలోనే ఉంటుంది. ఇంటర్నెట్ లేకుండా ఆఫ్‌లైన్ మోడ్‌లో ఆడితే వెంటనే పడదు. మళ్లీ ఆన్‌లైన్‌కి వచ్చాక పడుతుంది. స్నేహితుడికి మీ జాబితా కనబడటం లేదంటే అది 'పడలేదు' కాదు, 'కనబడలేదు'. ఎడిట్ ప్రొఫైల్, ప్రైవసీ సెట్టింగ్స్‌లో 'గేమ్ డీటెయిల్స్' అని విడిగా ఒక వరుస ఉంటుంది. మై ప్రొఫైల్ అన్న వరుసను పబ్లిక్ చేసి దీన్ని మరిచిపోతారు. 2018 నుంచి ఇది పబ్లిక్‌గా రాదు, మనమే మార్చాలి. ఆడిన గంటలు దాచే టిక్కు దాని కిందే ఉంది, అది మళ్లీ వేరు.

ఎక్స్‌బాక్స్ (మైక్రోసాఫ్ట్ వాళ్ల ఆటల వేదిక): విండోస్ కంప్యూటర్‌లో విండోస్ బటన్, జి కలిపి నొక్కితే గేమ్ బార్ వస్తుంది, అందులో అచీవ్‌మెంట్ల విడ్జెట్ ఉంటుంది. లేదా ఎక్స్‌బాక్స్ యాప్‌లో మీ ఫొటో నొక్కి ప్రొఫైల్‌లోకి వెళ్లాలి. ఫోన్ యాప్‌లోనూ అంతే. ఆడినవాళ్లలో పది శాతం కన్నా తక్కువ మందికి వచ్చినదైతే 'రేర్' అని వజ్రం గుర్తు పడుతుంది. దీనికి 'అరుదైనది' సరిపోతుంది, 'దుర్లభం' వద్దు.

ఆండ్రాయిడ్: గూగుల్ వాళ్ల ప్లే గేమ్స్ ప్రొఫైల్‌లో ఉంటాయి. ఇక్కడ 'పడలేదు' అంటే పదిసార్లలో ఎక్కువసార్లు ఖాతా గొడవే. ఫోన్‌లో రెండు జీమెయిల్‌లు ఉంటే ఆట ఒకదానితో, మీరు చూస్తున్న ప్రొఫైల్ మరోదానితో ఉంటుంది. ప్లే గేమ్స్ సెట్టింగ్స్‌లో ఆట ఏ ఖాతాతో ఆడుతున్నారో చూసి మార్చుకోవాలి. గెస్ట్‌గానో ఫేస్‌బుక్‌తోనో ఆటలోకి వెళ్తే లెవెల్స్ ఆటలో భద్రంగా ఉంటాయి, ప్లే గేమ్స్‌లో మాత్రం పడకపోవచ్చు. ఆట తీసేసి మళ్లీ వేసుకున్నా పాతవి పోవు, అవి ఫోన్‌లో కాదు సర్వర్‌లో ఉంటాయి.

ఐఫోన్: యాప్ స్టోర్‌లో కుడిపక్క పైన ఫొటో నొక్కితే గేమ్ సెంటర్, అంటే ఆపిల్ వాళ్ల ఆటల ఖాతా, ఉంటుంది. ఐఓఎస్ 26 నుంచి 'గేమ్స్' అని విడిగా యాపే వచ్చింది, అందులో చూసుకోవచ్చు. సెట్టింగ్స్‌లో గేమ్ సెంటర్ ఆపేసి ఉంటే ఏదీ పడదు.

ఇంకో కారణం, చీట్లు, అంటే ఆటను సులువు చేసే అడ్డదారి ఆదేశాలు. మైన్‌క్రాఫ్ట్ ఆటకు బెడ్‌రాక్, జావా అని రెండు రూపాలు. బెడ్‌రాక్‌లో మీరు మొదలుపెట్టిన ఒక ప్రపంచంలో ఒక్కసారి చీట్స్ ఆన్ చేసినా, క్రియేటివ్ మోడ్‌కి మార్చినా, ఆ ప్రపంచంలో ఇక అచీవ్‌మెంట్లు పడవు. మళ్లీ ఆఫ్ చేసినా సరే. ఆట ముందే హెచ్చరిస్తుంది, ఎవరూ చదవరు. ఆ హెచ్చరిక తెలుగులో ఉంటే చదువుతారేమో.

నల్లపూస:
గోదారిగట్టు గారూ, మైన్‌క్రాఫ్ట్ పేరెత్తారు కాబట్టి ఇంకో చిక్కు. బెడ్‌రాక్‌లో ఉన్నవి 'అచీవ్‌మెంట్స్'. జావాలో 2017లో వచ్చిన 1.12 వెర్షన్ నుంచి వాటి స్థానంలో 'అడ్వాన్స్‌మెంట్స్' వచ్చాయి, ఎల్ నొక్కితే కనిపిస్తాయి. మొదటివి మీ ఖాతావి, రెండోవి ఆ ప్రపంచానివి. కొత్త ప్రపంచం మొదలుపెడితే మళ్లీ సున్నా. రెండింటికీ 'ఘనతలు' అని రాస్తే 'నా ఘనతలన్నీ పోయాయి' అని ఫిర్యాదు వస్తుంది. రెండోదానికి 'మజిలీలు' అంటే? దారిలో దాటుతూ పోయేవి కదా.

అక్షరాలబండి:
మజిలీ బాగుంది. 'హిడెన్' సంగతేమిటి? ప్లే గేమ్స్‌లో అచీవ్‌మెంట్‌కు మూడు దశలు: హిడెన్, రివీల్డ్, అన్‌లాక్డ్. పైగా ఇంక్రిమెంటల్ అని ఇంకో రకం, ఒకే పని 500 సార్లు చేయాలి లాంటిది.

తాయిలం:
దీనికి కొత్త మాట ఎందుకండీ? అష్టాచెమ్మలో ఉంది. కాయ గడులన్నీ తిరిగి మధ్య గడిలోకి చేరితే 'పండింది' అంటాం. కాయ పండయ్యింది. దారిలో ఉన్నంతసేపూ కాయే, చేరాక పండు. ఇంక్రిమెంటల్ అంటే సరిగ్గా అదే. 500కి 320 అయితే కాయ, 500 అయితే పండు. పిల్లల ఆటలకు ముందు పంటలు వేసుకుంటాం చూడండి, అందులోనూ బయటపడ్డవాణ్ని పండాడనే అంటాం. ఆట భాషలో 'పండు' అంటే గట్టెక్కడం.

కీబోర్డు కాకి:
మాట అద్భుతం, బటన్ మీద కష్టం. 'మీ అచీవ్‌మెంట్ పండింది' అని నోటిఫికేషన్ వస్తే సగం మందికి కలలు పండే డైలాగ్ గుర్తొస్తుంది. అయినా ఒకచోట మాత్రం దీన్ని మించిన మాట లేదు. స్టీమ్‌లో ఒక ఆటవి అన్ని అచీవ్‌మెంట్లూ వస్తే 'పర్ఫెక్ట్ గేమ్' లెక్కలోకి వెళ్తుంది. ఏడాది తర్వాత ఆట తయారుచేసినవాళ్లు కొత్తగా పది చేరిస్తే మీ నూరు శాతం కాస్తా పడిపోయి, ఆట ఆ లెక్కలోంచి బయటికి వస్తుంది. ప్లేస్టేషన్‌లో అలా కాదు, ప్లాటినమ్ అసలు ఆట ట్రోఫీలకే. తర్వాత డీఎల్‌సీ (ఆటకు తర్వాత చేర్చే అదనపు భాగం) ట్రోఫీలు చేరినా ప్లాటినమ్ ఎక్కడికీ పోదు. అంటే ప్లేస్టేషన్‌లో పండింది పండినట్టే, స్టీమ్‌లో పండు మళ్లీ కాయ అవుతుంది!

తాయిలం:
కాకి గారూ, ఆ వాక్యం పేజీలో పెట్టేయండి, సగం ప్రశ్నలు తగ్గుతాయి.

ఓరుగల్లు:
ప్లాటినమ్‌కు ఏమందాం మరి? గండపెండేరం అందామా? పెద్దనకు రాయలవారు తొడిగినట్టు కాలికి తొడుక్కుందురు.

నల్లపూస:
వద్దులెండి, ప్లాటినమ్ ప్లాటినమే. ట్రోఫీల్లో మిగతా మెట్లు కాంస్యం, రజతం, స్వర్ణం మాత్రం ఒలింపిక్స్ వార్తల వల్ల అందరికీ తెలుసు, అవి వాడొచ్చు. ట్రోఫీ లెవెల్ పెంచే పాయింట్లు కూడా పక్కన రాయండి. 2020 నుంచి కాంస్యం 15, రజతం 30, స్వర్ణం 90, ప్లాటినమ్ 300. అంతకుముందు ప్లాటినమ్ 180. పాత వ్యాసాలు చూసి లెక్క వేసుకున్నవాళ్లకు లెవెల్ కలవకపోవడానికి ఇదే కారణం. లెవెళ్లు కూడా అప్పుడే 100 నుంచి 999కి సాగాయి.

అక్షరాలబండి:
ఇక మిగిలింది 'స్టాట్స్'. గణాంకాలు అని ఉంచనా?

గోదారిగట్టు:
జనాభా గణాంకాలు, నేర గణాంకాలు అంటాం. క్రికెట్‌కూ చెల్లుతుంది. ఒక మనిషి ఆట గురించి చెప్పడానికి కొంచెం బరువే. 'లెక్కలు' బాగుంది. మొత్తం చరిత్రకైతే 'చిట్టా' ఉంది. 'నీ చిట్టా అంతా నా దగ్గరుంది' అన్నప్పుడున్న కొంటెతనం మ్యాచ్ హిస్టరీకి సరిగ్గా నప్పుతుంది.

తేడా మాత్రం పేజీ మొదట్లోనే చెప్పాలి. అచీవ్‌మెంట్ ఒకసారి పడితే పోదు, లెక్క పెరుగుతుంది, తగ్గుతుంది. షూటింగ్ ఆటల్లో ఎంతమందిని కొట్టారు, ఎన్నిసార్లు చచ్చారు అనే నిష్పత్తి చూడండి. లెక్క మళ్లీ సున్నా నుంచి మొదలయ్యే కొత్త సీజన్‌లో పది సార్లు చచ్చి ఇరవై మందిని కొడితే 2.0. తర్వాతి మ్యాచ్‌లో ఒక్కరినీ కొట్టకుండా చస్తే 20 భాగించు 11, అంటే 1.82. అదే 300కి 150 ఉన్నవాడికి అలాంటి మ్యాచ్ ఒకటి పడితే 1.99 అవుతుంది, గమనించడు కూడా. 'నిన్న 2 ఉంది, ఇవాళ తగ్గించేశారు' అనే ఫిర్యాదు సీజన్ మొదట్లోనే ఎక్కువ ఎందుకు వస్తుందో ఇందులో ఉంది. సోలో (ఒంటరిగా), డుయో (ఇద్దరు), స్క్వాడ్ (జట్టుగా) లెక్కలు విడివిడిగా ఉంటాయి, ఏ ట్యాబ్ తెరిచి ఉందో చూసుకోమని ఒక ముక్క రాయండి.

ఓరుగల్లు:
ఆ నిష్పత్తి పేరే ముచ్చట. ఇంగ్లిష్ల కే, డీ, అంటే కిల్, డెత్. 'నీ కేడీ ఎంత?' అని అడిగితే మా తాత లేచి 'ఎవడ్రా కేడీ' అనేటట్టున్నడు. బీజీఎంఐ (బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా) ఆటల చంపుడు లేదు, 'ఫినిష్' అంటరు, అందుకే అండ్ల ఎఫ్, డీ. మనమేమో అష్టాచెమ్మల కాయను చంపుడు ఎప్పటిసందో అంటున్నం, ఎవరికీ ఏం కాలే.

నల్లపూస:
పేరు తప్పుదారి పట్టించడంలో మైన్‌క్రాఫ్ట్ జావాను కొట్టేది లేదు. ఎస్కేప్ నొక్కితే స్టాటిస్టిక్స్ వస్తుంది, అక్కడ ఆడిన సమయం సరిగ్గానే ఉంటుంది. ఫైల్ తెరిచి చూసేవాళ్లకే తిప్పలు. ప్రపంచం ఫోల్డర్‌లో స్టాట్స్ అనే ఫోల్డర్ ఉంటుంది. 1.17కు ముందు ఆ ఫైల్లో ఆడిన సమయానికి పేరు 'ప్లే వన్ మినిట్'. అది నిమిషాలు కాదు, టిక్కులు, అంటే ఆట లోపలి గడియారం లెక్క. సెకనుకు 20 టిక్కులు, గంటకు 72,000. 7,20,000 అని చూసి నిమిషాలనుకుంటే ఏడాది దాటి ఆడినట్టు లెక్క వస్తుంది, నిజానికి పది గంటలు. తర్వాత పేరును 'ప్లే టైమ్' అని దిద్దారు. నడిచిన దూరం కూడా ఆ ఫైల్లో సెంటీమీటర్లలో ఉంటుంది.

కీబోర్డు కాకి:
బండి గారూ, టైపింగ్ సంగతి ఒకటి. 'అచీవ్‌మెంట్'లో వ్ తర్వాత కనబడని విడదీసే అక్షరం ఒకటుంది, జీరో విడ్త్ నాన్ జాయినర్. అది లేకపోతే మ వత్తు కిందికి దిగి 'అచీవ్మెంట్' అవుతుంది. పేజీలో ఒకచోట అలా, ఒకచోట ఇలా ఉంటే వెతుకులాటలో రెండోది దొరక్కపోవచ్చు. ముందే ఒకటి ఖాయం చేసి అంతటా అదే అతికించండి. బహువచనం 'అచీవ్‌మెంట్లు', 'అచీవ్‌మెంట్స్‌లు' కాదు. స్టాట్స్‌కూ 'స్టాట్స్‌లు' వద్దు, ఆ చివరి స్ లోనే బహువచనం ఉంది.

అక్షరాలబండి:
సరే, ఇలా రాస్తున్నాను. శీర్షిక: 'మీ అచీవ్‌మెంట్లు, ఆట లెక్కలు'. నోటిఫికేషన్: 'కొత్త అచీవ్‌మెంట్ వచ్చింది'. హిడెన్‌కు 'దాచినది', రివీల్డ్‌కు 'ఇంకా రానిది', ఇంక్రిమెంటల్‌కు మాట లేకుండా '500కి 320'. సమస్యల భాగానికి 'చేశాను కానీ పడలేదు'. మ్యాచ్ హిస్టరీకి 'చిట్టా'.

తాయిలం:
పండు ఎక్కడా లేదేమిటండీ?

అక్షరాలబండి:
ఉంది తాయిలం గారూ, నూరు శాతం అయిన ఆట పక్కన. 'ఈ ఆట పండింది' అని. కొత్తవి చేరిస్తే ఆ మాట దానంతట అదే పోతుంది.