యాజమాన్యం చేసింది ధిక్కారమా, కూటసాక్ష్యమా?

ప్రశ్న: యూనియన్ కరపత్రంలో ఈ వాక్యం సరేనా? "ఉద్యోగంలోకి తిరిగి తీసుకోమన్న హైకోర్టు ఉత్తర్వును బేఖాతరు చేసి యాజమాన్యం కోర్టు ధిక్కారానికి, హాజరు పట్టీ గురించి అబద్ధమాడి కూటసాక్ష్యానికి పాల్పడింది."

జవాబు: వ్యాకరణానికి ఢోకా లేదు, చట్టం దగ్గరే చిక్కు. వాడుకలో మాట వినకపోతే చాలు, ధిక్కారమే. 1971 కోర్టు ధిక్కార చట్టం సెక్షన్ 2(బి)కి అది చాలదు, కావాలని ఉల్లంఘించి ఉండాలి. 'ఉద్దేశపూర్వకంగా' అని రాస్తుంటారు, 'కావాలని' ఇంకా సూటి. ఉత్తర్వు అందలేదనో, రెండర్థాలు వస్తున్నాయనో చెప్పి తప్పించుకుంటారు. కాబట్టి ముందే సర్టిఫైడ్ కాపీని లేఖతో పంపి, అందినట్టు రుజువు దాచుకోవాలి. ఉల్లంఘన జరిగిన ఏడాదిలోపే పిటిషన్ వేయాలి (సెక్షన్ 20). శిక్ష గరిష్ఠంగా ఆరు నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల జరిమానా. మనస్ఫూర్తిగా క్షమాపణ చెప్పారని కోర్టు నమ్మితే అదీ ఉండకపోవచ్చు.

మరో జవాబు: అసలు ఉత్తర్వులో క్రియ ఏమిటో చూశారా? "విధుల్లోకి తీసుకోవాలి" అని ఉంటే సరే. సర్వీసు కేసుల్లో తరచూ వచ్చేది "అర్జీని ఎనిమిది వారాల్లో పరిశీలించి తగిన ఉత్తర్వులు ఇవ్వాలి" అనే. ఏడో వారంలో "పరిశీలించాం, తిరస్కరించాం" అని కాగితం చేతిలో పెడితే ఉత్తర్వు అమలైనట్టే! ఆ తిరస్కరణ తప్పే కావచ్చు, కానీ దాని మీద కొత్తగా రిట్ వేసుకోవాలి తప్ప ధిక్కారం కింద కుదరదని సుప్రీంకోర్టు జె.ఎస్. పరిహార్ కేసులో (1996) చెప్పింది. చాలా పిటిషన్లు ఇక్కడే బోల్తా పడతాయి.

ఇంకో జవాబు: కూటసాక్ష్యంలో 'కూట' అంటే కపటం, కూటమితో చుట్టరికం లేదు. ధర్మశాస్త్రాల నాటి మాట. కరపత్రానికి 'తప్పుడు సాక్ష్యం' మేలు. అయితే అబద్ధమల్లా తప్పుడు సాక్ష్యం కాదు. మేనేజరు మెమోలో రాసినా, లాయరు వాదనలో అన్నా లెక్కలోకి రాదు. ప్రమాణం చేసి, అబద్ధమని తెలిసీ చెప్పి ఉండాలి. కౌంటర్ అఫిడవిట్‌లో, అంటే పిటిషన్‌కు ప్రమాణం చేసి ఇచ్చే రాతపూర్వక జవాబులో ఉంటే దొరికినట్టే. భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 229 ప్రకారం కోర్టు విచారణలో అయితే ఏడేళ్ల దాకా జైలు, 10,000 రూపాయల దాకా జరిమానా.

కానీ నేరుగా పోలీసు స్టేషన్‌కు వెళ్తే లాభం లేదు. భారతీయ నాగరిక సురక్షా సంహిత సెక్షన్ 379 (పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 340) కింద ఆ కోర్టునే అడగాలి, ఫిర్యాదు చేయాల్సింది కోర్టే. న్యాయ ప్రయోజనాల దృష్ట్యా అవసరమనిపిస్తేనే చేస్తుంది. అందుకని తిట్లు మాని పట్టిక ఇవ్వండి: ఒకవైపు అఫిడవిట్ పేరా నంబరు, అందులోని మాట, ఎదురుగా అదే తేదీ హాజరు పట్టీ నకలు.

ఈ కత్తికి రెండు వైపులా పదునే. 1947 పారిశ్రామిక వివాదాల చట్టం 17బి కింద, యాజమాన్యం పైకోర్టులో వేసిన కేసు నడిచినంత కాలం జీతం కోసం కార్మికుడూ "ఎక్కడా పనిచేయడం లేదు" అని అఫిడవిట్ ఇచ్చేవాడు. పీఎఫ్ ఖాతాలో కొత్త యజమాని జమ కనిపిస్తే ఇరుక్కునేది అతనే.

అడిగినవారు: అయితే "యాజమాన్యంపై కోర్టు ధిక్కార పిటిషన్ దాఖలు చేయడం జరిగింది. అఫిడవిట్‌లో తప్పుడు వివరాలు ఇచ్చిందని కోర్టు దృష్టికి తేవడం జరిగింది" అని మారుస్తాను.

జవాబు: ఇప్పుడు చట్టం కుదిరింది, తెలుగు చెడింది. "పిటిషన్ వేశాం", "కోర్టుకు చెప్పాం" అనండి.