పాత ప్యారలల్ పోర్టు లేజర్ ప్రింటర్‌ని కొత్త ల్యాప్‌టాప్‌కి కలిపినవాళ్ళు ఉన్నారా?

సిరాచుక్క: నాన్నగారు వాడిన లేజర్ ప్రింటర్ ఇంకా నిక్షేపంలా ఉంది. వెనక 36 పిన్నుల వెడల్పాటి ప్యారలల్ పోర్టు ఒక్కటే. విండోస్ 11 ల్యాప్‌టాప్‌కి యూఎస్‌బీ-ప్యారలల్ కేబుల్‌తో కలిపాను. డివైస్ మేనేజర్లో 'యూఎస్‌బీ ప్రింటింగ్ సపోర్ట్' అని కనబడుతోంది గానీ ప్రింటర్ల జాబితాలో ఏమీ రావట్లేదు. కేబుల్ పోయిందంటారా?

రోలర్: ఆ పేరు కనబడిందంటే కేబుల్ బాగున్నట్టే. అది ఎల్‌పీటీ1 (పాత ప్యారలల్ పోర్టుకి విండోస్‌లో ఉండే పేరు) పోర్టుని ఇవ్వదండీ, యూఎస్‌బీ001 అని ఇస్తుంది. ప్రింటర్‌ని మాన్యువల్‌గా యాడ్ చేసి ఆ పోర్టు ఎంచుకోండి. ఇది తెలియక నాకు రెండు రోజులు పోయాయి.

సిరాచుక్క: పోర్టు దొరికింది, థాంక్సండీ. మా మోడల్‌కి దగ్గరి పేరున్న డ్రైవర్ పెట్టాను. ఒక్క పేజీ పంపితే కాగితానికో లైను చొప్పున పిచ్చి గుర్తులు! స్విచ్ ఆపేలోపు పదిహేను కాగితాలు పోయాయి.

పాతబంగారం: డ్రైవర్ మాట్లాడే భాష ప్రింటర్‌కి రాకపోతే అలాగే జరుగుతుంది. మోడల్ పేరు సంగతి వదిలేయండి. కేబుల్ తీసేసి, ప్రింటర్ మీది బటన్‌తోనే సెల్ఫ్ టెస్ట్ పేజీ తీయండి. అందులో ప్రింటర్ భాష పీసీఎల్ అనో పోస్ట్‌స్క్రిప్ట్ అనో ఉంటే గట్టెక్కినట్టే, ఆ భాషకి సరిపడే జెనరిక్ డ్రైవర్ చాలు. రెండూ లేకపోతే బహుశా జీడీఐ రకం. దానికి పేజీ మొత్తం కంప్యూటరే గీసి పంపాలి, కాబట్టి దాని సొంత డ్రైవరే కావాలి. 32-బిట్ డ్రైవర్ తప్ప లేకపోతే విండోస్ 11 దాన్ని తీసుకోదు. నాది అదే పరిస్థితి. ఊరికే పడున్న పీసీలో లైనక్స్ వేస్తే దానికి డ్రైవర్ దొరికింది. కప్స్ (లైనక్స్‌లో ప్రింటింగ్ పని చూసే సాఫ్ట్‌వేర్)తో షేర్ చేశాక ఇప్పుడు ఫోన్ నుంచి కూడా ప్రింట్ ఇస్తున్నాం.

కార్బన్‌కాపీ: డాట్ మ్యాట్రిక్స్ (రిబ్బన్ మీద పిన్నులతో కొట్టి అచ్చేసే ప్రింటర్) ఉన్నవాళ్ళకి ఒక మాట. 'జెనరిక్ టెక్స్ట్ ఓన్లీ' డ్రైవర్‌తో ఇంగ్లిష్ బిల్లులు టకటకా కొట్టేస్తుంది. తెలుగు మాత్రం రాదు, ప్రింటర్ మెమరీలో మన అక్షరాలు లేవు మరి. 24 పిన్నుల దానికి ఈఎస్‌సీ/పీ2 (అలాంటి ప్రింటర్ల భాష) డ్రైవర్ పెడితే పేజీని బొమ్మలా కొడుతుంది. నెమ్మదే, కానీ వత్తులు కూడా చక్కగా పడతాయి.

సిరాచుక్క: టెస్ట్ పేజీ మీద 'పీసీఎల్ 5ఈ' అని ఉంది! నేను పెట్టింది పీసీఎల్ 6. కంపెనీ యూనివర్సల్ డ్రైవర్లో పీసీఎల్ 5 రకం వేశాను, వేడివేడి కాగితం చేతికొచ్చింది. చివరి రెండు లైన్లే తెగుతున్నాయి.

రోలర్: కాగితం సైజు లెటర్ అని ఉందేమో చూడండి. ఏ4 దానికంటే 18 మిల్లీమీటర్లు పొడుగు.

సిరాచుక్క: అదేనండీ! ఏ4 చేశాక పేజీ మొత్తం వచ్చింది.