ఎమర్జెన్సీ డాక్టరు పాఠాలు చెప్పడానికి వెళ్లిపోతే నష్టం ఎవరికి?

సీతమ్మధార తండ్రి:
మా అమ్మాయి ఎమర్జెన్సీ మెడిసిన్‌లో ఎం.డి. చేసి, విశాఖలోనే ఒక ఆసుపత్రిలో మూడేళ్లుగా పనిచేస్తోంది. ఇప్పుడు అది వదిలేసి అంబులెన్సు సిబ్బందికి శిక్షణ ఇచ్చే పనిలో చేరతానంటోంది. ఇన్నేళ్లు చదివింది రోగుల కోసం కదా, తరగతి గది కోసమా? జీతం తగ్గుతుందన్న దిగులు లేదని చెప్పను. కానీ నన్ను ఎక్కువగా తొలిచేది ఈ ప్రశ్నే. అనుభవం ఉన్నవారు చెప్పండి.

విశ్రాంత సిస్టర్:
మీ దిగులు సరైనదే అండీ. నేను ఇరవై ఎనిమిదేళ్లు క్యాజువాలిటీలో రాత్రి డ్యూటీలు చేశాను. లారీ గుద్దినవాడు, పురుగుమందు తాగిన పిల్ల, గుండెపోటు వచ్చిన పెద్దాయన ఒకేసారి వస్తే ముగ్గురికీ ఒక్కరే డాక్టరు. మన దేశంలో ఈ చదువును ప్రత్యేక శాఖగా గుర్తించిందే 2009లో. ఉన్న కొద్దిమందీ బోర్డు ముందుకు వెళ్లిపోతే ట్రాలీ పక్కన ఎవరు నిలబడతారు?

పాడేరు ఈఎంటీ:
సిస్టర్ గారికి నమస్కారం. నేను ఈఎంటీని, అంటే అంబులెన్సులో రోగికి అత్యవసర చికిత్స చేసే సిబ్బందిని. మా వైపు ట్రాలీ పక్కన నిలబడేది నేనే. గూడెం నుంచి రోడ్డు దాకా డోలీలో మోసుకొస్తారు. అక్కడి నుంచి ఘాట్ దిగి విశాఖలోని పెద్ద ప్రభుత్వాసుపత్రి కేజీహెచ్ చేరడానికి గంటలు పడుతుంది. బండిలో పైలట్ (డ్రైవరు), నేను, అంతే. డాక్టరు సలహాకు ఫోన్ చేద్దామంటే మలుపుల్లో సిగ్నల్ ఉండదు.
ఒక రాత్రి బండిలోనే కాన్పు అయింది. బిడ్డ ఏడ్చింది, మాయ పడింది, తల్లికి మాత్రం రక్తం ఆగలేదు. గర్భసంచి ముడుచుకునేలా చేసే ఆక్సిటోసిన్ మందు ఇచ్చాను. పొట్ట మీద చేయి పెడితే గర్భసంచి మెత్తగా తగిలింది, అది గట్టిపడితేనే రక్తం ఆగేది. రుద్దుతూనే ఉన్నాను. శిక్షణలో ఒక డాక్టరమ్మ నా మణికట్టు పట్టుకుని, 'క్రికెట్ బంతిలా గట్టిపడేదాకా వదలకు' అని బొమ్మ మీద నేర్పారు. చాలాసేపటికి అది గట్టిపడింది. ఆ స్పర్శ ఫోన్‌లో చెబితే వచ్చేది కాదు.

గోపాలపట్నం:
2020 మే 7 తెల్లవారుజామున మన వెంకటాపురంలో ఎల్‌జీ పాలిమర్స్ ఫ్యాక్టరీ నుంచి స్టైరీన్ అనే రసాయనం ఆవిరి లీకై కమ్మినప్పుడు, పడిపోయినవాళ్లను ముందు మోసింది ఇరుగుపొరుగు, పోలీసులు, అంబులెన్సు కుర్రాళ్లు. 12 మంది పోయారు. విషవాయువు ఉన్నచోటికి గాలి వస్తున్న వైపు నుంచే వెళ్లాలన్న సంగతి ఎంతమందికి తెలుసు? రిఫైనరీ, పోర్టు, ఉక్కు ఫ్యాక్టరీ ఉన్న ఊరు మనది. నేర్పేవాళ్లు కావాలి.

ఎంవీపీ కాలనీ డాక్టరు:
అమెరికాలోని పిట్స్‌బర్గ్‌లో 1967లో ఫ్రీడమ్ హౌస్ అనే అంబులెన్సు సేవ మొదలైంది. పనిలేని నల్లజాతి యువకులను చేర్చుకుని, పీటర్ సేఫర్ అనే మత్తు వైద్యుడు రూపొందించిన శిక్షణ ఇచ్చారు. తర్వాత నాన్సీ కెరొలిన్ అనే వైద్యురాలు ఆ బాధ్యత తీసుకున్నారు. ఆమె తరగతిలోనే కూర్చోలేదు, వారితో బండెక్కి కేసులకు వెళ్లారు. అక్కడి అనుభవంతో పారామెడిక్‌లకు, అంటే అంబులెన్సులో చికిత్స చేసే శిక్షణ పొందిన సిబ్బందికి, పాఠ్యపుస్తకం రాశారు. నగరం 1975లో ఆ సేవను ఆపేసినా ఆ చదువు బతికింది.
అయితే నేర్పేది ఏమిటన్నది కూడా చూడాలి. కెనడాలోని ఒంటారియోలో గుండె ఆగిన రోగుల మీద జరిగిన పెద్ద అధ్యయనం 2004లో వచ్చింది. గుండెకు వెంటనే కరెంటు షాక్ ఇచ్చే ఏర్పాటు అప్పటికే ఉన్నచోట, పారామెడిక్‌లకు శ్వాసనాళంలో గొట్టం వేయడం, నరంలోకి మందులెక్కించడం కూడా అప్పగిస్తే బతికినవారి సంఖ్య పెరగలేదు. ఛాతీని కనీసం 5 సెంటీమీటర్లు, నిమిషానికి 100 నుంచి 120 సార్లు, అలసిపోయినా తప్పకుండా నొక్కడం రావాలి. ముందు ఇది చేతికి పట్టించాలి.

విశ్రాంత సిస్టర్:
పాడేరు బాబూ, నీ మాట చదివి కళ్లు చెమర్చాయి. అయినా నా అభ్యంతరం పూర్తిగా పోలేదు. ఐదేళ్లు రోగిని ముట్టుకోని డాక్టరు చెప్పే పాఠం పాతబడిపోతుంది. వారానికి రెండు రాత్రులైనా క్యాజువాలిటీలో చేస్తేనే నేను ఒప్పుకుంటాను. ఇంకో మాట. నేర్చుకున్న కుర్రాడు జీతం చాలక వేరే పనికి పోతే ఆ చదువంతా ఏమవుతుంది? దీనికి ఇక్కడ ఎవరూ జవాబు చెప్పలేదు.

సీతమ్మధార తండ్రి:
ఇవన్నీ అమ్మాయికి చదివి వినిపించాను. రెండు రాత్రుల షరతుకు వెంటనే సరే అంది. నాకింకా పూర్తిగా మనసొప్పలేదు. బాబూ, ఆ తల్లి బాగుందా?

పాడేరు ఈఎంటీ:
బాగుందండీ, బిడ్డ కూడా. డాక్టరమ్మ గారిని పాఠం మొదలుపెట్టే ముందు ఒకసారి మా బండిలో రమ్మనండి. వానాకాలంలో వస్తే ఇంకా మంచిది.