విమర్శకులు అవార్డు ఇవ్వడమేంటి?

అందరికీ నమస్కారం. ఒక మాట గురించి మీ అందరి అభిప్రాయం కావాలి.

అమెరికా టీవీ అవార్డుల మీద ఒక వ్యాసం రాస్తున్నాను. రాసింది రాసినట్టు అమ్మకి చదివి వినిపించడం నాకు అలవాటు. "టెలివిజన్ విమర్శకుల సంఘం ఇచ్చే అవార్డులు" అనగానే అమ్మ నన్ను ఆపేసింది. "విమర్శించేవాళ్ళు అవార్డు ఇవ్వడమేంటిరా?" అంది. నేను చెప్పబోయాను గానీ, ఆ మాట ఆవిడకి వినబడినట్టే మన ఊళ్ళో నూటికి తొంభై మందికి వినబడుతుందని అర్థమై ఆగిపోయాను. ప్రతిపక్షం విమర్శిస్తుంది, పక్కింటివాళ్ళు విమర్శిస్తారు, అత్తగారు విమర్శిస్తుంది. వాళ్ళు బహుమతులు ఎందుకిస్తారు?

సంగతి ఇది. అమెరికా, కెనడాల్లో టీవీ గురించి రాసే పాత్రికేయులకి 1978 నుంచి ఒక సంఘం ఉంది. సభ్యులు రెండు వందల మందికి పైనే. 1985 నుంచి ఏటా వీళ్ళే ఓటేసి అవార్డులిస్తున్నారు. నటనకి మగవాళ్ళకొకటి, ఆడవాళ్ళకొకటి అని విడదీయరు. డ్రామాకి ఒకటి, కామెడీకి ఒకటి, అంతే. ఇంకో విశేషం, టీవీ కోసం పెట్టిన ఈ వేడుక టీవీలో రాదు. అమెరికా టీవీకి పెద్ద అవార్డులైన ఎమ్మీలు వేరు, అక్కడ ఓటేసేది పరిశ్రమలోవాళ్ళే. వండినవాళ్ళు ఓటేయడానికీ, రోజూ తిని రుచి చెప్పేవాళ్ళు ఓటేయడానికీ తేడా ఉంటుంది కదా. బాల్టిమోర్ నగరం మీద 2002 నుంచి 2008 దాకా వచ్చిన "ద వైర్" సీరియల్‌కి ఒక్క ఎమ్మీ కూడా రాలేదు. అది ముగిసిన ఏడే ఈ విమర్శకులు దానికి, చెరగని ముద్ర వేసిన కార్యక్రమాలకిచ్చే వారసత్వ పురస్కారం (హెరిటేజ్ అవార్డు) ఇచ్చారు.

ఇంత శ్రద్ధగా చూసి ఎంచేవాళ్ళకి "విమర్శకులు" అన్న మాట సరిపోతుందా? "సమీక్షకులు" అనాలా? "క్రిటిక్స్" అని వదిలేయాలా?

జవాబు 1:
"క్రిటిక్స్" అనే ఉంచండి, జనం దానికే అలవాటు పడ్డారు. 2023 జనవరిలో "ఆర్ ఆర్ ఆర్"కి, అమెరికాలోనే ఇంకో విమర్శకుల సంఘం ఇచ్చే క్రిటిక్స్ ఛాయిస్ అవార్డులు వచ్చినప్పుడు నేను చదివిన వార్తలన్నీ ఆ పేరుతోనే ఉన్నాయి. ఎవరికీ అర్థం కాకపోలేదు. "సమీక్ష" అనకండి, దయచేసి. కలెక్టర్ ఆఫీసులో అధికారులు కూర్చున్నట్టు ఉంటుంది.

జవాబు 2:
నమస్కారమండీ. నేను ముప్పై ఏళ్ళు తెలుగు పాఠాలు చెప్పాను. ఆ మాటని అంత తేలిగ్గా వదులుకోవద్దని నా మనవి. "విమర్శ"లో ఉన్న ధాతువు మృశ్. తాకడం, తడిమి చూడడం దాని అర్థం. ఒక వస్తువుని చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పి, నిమిరి చూస్తాం చూడండి, అదీ విమర్శ. గీత చివరి అధ్యాయంలో కృష్ణుడు అంతా చెప్పాక "విమృశ్యైతదశేషేణ యథేచ్ఛసి తథా కురు" అంటాడు. దీన్నంతా పూర్తిగా ఆలోచించి, నీకు ఎలా తోస్తే అలా చెయ్యి అని. అక్కడ తప్పు పట్టడం ఎక్కడుంది? శుక్రవారం మన ఇళ్ళల్లో చదివే లలితా సహస్రనామంలో అమ్మవారికి "విమర్శరూపిణీ" అని ఒక పేరుంది. మీ అమ్మగారు ఆ నామం ఎన్నిసార్లు చదివి ఉంటారో!

"పరామర్శ" కూడా ఆ ధాతువులోంచి వచ్చిందే. ఎవరింట్లోనైనా మనిషి పోతే వెళ్ళి, చెయ్యి పట్టుకుని కాసేపు కూర్చుని వస్తాం. తోబుట్టువుల్లాంటి మాటల్లో ఒకటి ఓదార్పు అయింది, ఒకటి తిట్టు అయింది. నాకు చాలా బాధగా ఉంటుంది.

జవాబు 3:
మాస్టారూ, "విచారం" గతీ అదే కదండీ. కట్టమంచి రామలింగారెడ్డిగారు తన విమర్శ గ్రంథానికి "కవిత్వతత్త్వ విచారము" అని పేరు పెట్టారు. ఇప్పుడు ఆ పేరు వింటే మా పిల్లలు ఎవరో కవిత్వం గురించి దిగులు పడుతున్నారనుకుంటారు. పరిశీలన అన్న అర్థం "విచారణ"లో మిగిలింది, అది కూడా పోలీసు స్టేషన్లో, కోర్టులో.

జవాబు 4:
అన్నా, ఇంగ్లీషు మాట పుట్టుక కూడా చెప్తాను. క్రిటిక్ గ్రీకు నుంచి వచ్చింది. దాని క్రియకి వేరుచేయడం, తీర్పు చెప్పడం అని అర్థం. ఇంకా వెనక్కి వెళ్తే జల్లించడం.

ఇది చదివినప్పుడు నాకు మా అమ్మమ్మ గుర్తొచ్చింది. వరండాలో కాళ్ళు చాపుకుని కూర్చుని బియ్యం చెరిగేది. చాటని ఒక్క ఊపున ఎగరేసేది, బియ్యం గాల్లోకి లేచి మళ్ళీ చాటలోనే పడేవి, పొట్టు ముందుకి ఎగిరిపోయేది. తర్వాత బొటనవేలితో అంచు మీద తడుతూ నూకల్ని ఒక పక్కకి తెచ్చి కోళ్ళకి విదిలించేది. ఆఖరికి రాళ్ళు ఏరేది. మాట్లాడుతూనే చేసేది గానీ చూపు మాత్రం చాట మీదే. ఇప్పుడు మనం "చెరిగేసింది" అని ఎప్పుడంటాం? ఎవరినైనా చెడామడా తిట్టినప్పుడు! గ్రీకువాళ్ళ జల్లెడా, మన చాటా రెండూ ఒకే దారి పట్టాయి. ఎంచడంతో మొదలై తిట్టడం దాకా వచ్చాయి. కాబట్టి తప్పు "విమర్శ" అన్న మాటది కాదన్నా.

జవాబు 5:
మాట సంగతి సరే గానీ, ఓటేసే మనుషుల్ని కూడా చూడాలి. హాలీవుడ్‌లో సినిమాలకీ టీవీకీ ఇచ్చే గోల్డెన్ గ్లోబ్స్ అవార్డులు ఇచ్చిందీ పాత్రికేయులే, 1943లో పెట్టుకున్న సంఘం. సభ్యులు వంద మంది కూడా లేరు. వాళ్ళలో ఒక్క నల్లజాతి పాత్రికేయుడు కూడా లేరని 2021లో బయటపడి పెద్ద గొడవైంది. మరుసటి ఏడు వేడుక టీవీలో రాలేదు, 2023లో సంఘమే రద్దయింది. "నాటు నాటు"కి ఆ గ్లోబ్ వచ్చిందీ ఆ ఏడే, మనందరం పొంగిపోయాం. ఓటు చేతిలో ఉన్నంత మాత్రాన విమర్శకుడు అయిపోరని నా ఉద్దేశం.

జవాబు 6 (అడిగిన నేనే):
అందరికీ ధన్యవాదాలు. మాస్టారి జవాబు అమ్మకి చదివి వినిపించాను. "విమర్శరూపిణీ" దగ్గర ఒక్క క్షణం ఆగి, ఆ నామం ముందూ వెనకా ఉన్నవి మెల్లగా చెప్పుకుంది. తర్వాత ఆవిడే ఒక మాట అందించింది: "తప్పులెన్నువారు తండోపతండంబు అన్నాడు కదరా వేమన. ఎన్నడం అంటే తప్పు పట్టడం. ఓట్లేసేదాన్నీ ఎన్నికలనే అంటున్నాం." నాకు ఈ సంగతి ఎప్పుడూ తట్టలేదు. ఎన్ను అంటే లెక్కపెట్టడం. లెక్కపెడుతూ తప్పులు చూపిస్తే తప్పులెన్నడం, ఒకదాన్ని తీసి పక్కన పెడితే ఎన్నుకోవడం.

అందుకే "విమర్శకుల సంఘం" అనే ఉంచుతున్నాను. "విమర్శకుల ప్రశంసలు అందుకున్న సినిమా" అని పోస్టర్ మీద చూస్తే ఎవరికీ వింతగా అనిపించదు కదా, అవార్డు దగ్గర మాత్రం ఎందుకు అనిపించాలి? మన నంది అవార్డుల్లో కూడా ఉత్తమ సినీ విమర్శకుడికి బహుమతి ఉండేది. క్రిటిక్స్ ఛాయిస్ దగ్గర ఆ పేరు అలాగే రాసి, పక్కనే "అంటే విమర్శకులు ఎన్నినవి" అని చేరుస్తాను. "ఎంపిక చేసినవి" అని రాసుకున్నాను, అమ్మే కొట్టేయించింది.