ఇంటి రుణానికి దీర్ఘకాలంలో నిజంగా ఎంత ఖర్చవుతుంది?

ప్రశ్న

నమస్కారం. ఇల్లు కొనడానికి 40 లక్షల రుణం తీసుకోవాలనుకుంటున్నాము. వడ్డీ ఏడాదికి 8.5 శాతం, గడువు 20 ఏళ్లు అని చెప్పారు. నెలసరి వాయిదా 34,713 వస్తుందని, అది మా ఆదాయానికి అందుబాటులోనే ఉందని తేలడంతో మొదట ధైర్యం కలిగింది. అయితే ఆ వాయిదాను 240 నెలలతో గుణించి చూస్తే మొత్తం 83 లక్షల 31 వేలు అయింది. అంటే తీసుకునే అప్పు కంటే కట్టే వడ్డీయే ఎక్కువ.

చెల్లింపుల పట్టికను చూశాక మరో సందేహం కలిగింది. మొదటి నెల వాయిదాలో 28,333 వడ్డీకే పోయి, 6,380 మాత్రమే అసలుకు జమ అవుతోంది. వడ్డీనంతా ముందే రాబట్టుకునేలా ఈ పట్టికను తయారు చేస్తారా? పైగా, గడువును 30 ఏళ్లకు పెంచుకుంటే వాయిదా భారం తగ్గుతుందని సలహా ఇస్తున్నారు. ఈ అప్పుకు మేము చెల్లించబోయే అసలైన మూల్యాన్ని ఎలా లెక్కించుకోవాలో అనుభవజ్ఞులు దయచేసి వివరించగలరు.

మొదటి సమాధానం

మీ పట్టికలో మోసమేమీ లేదండీ. ఏ నెల వడ్డీనైనా ఆ నెలకు మిగిలి ఉన్న అసలు మీదనే లెక్కిస్తారు. 40 లక్షలకు 8.5 శాతం చొప్పున ఏడాది వడ్డీ కట్టి 12తో భాగిస్తే వచ్చేది 28,333. మీరు కట్టే వాయిదాలో నుంచి ముందుగా ఈ మొత్తాన్ని తీసివేసి, మిగిలిన 6,380ని అసలులో తగ్గిస్తారు. రెండో నెలలో అసలు కొద్దిగా తగ్గింది కనుక వడ్డీ కూడా కొద్దిగా తగ్గి, ఆ తగ్గినంత మేర అసలుకు జమ పెరుగుతుంది. వడ్డీ అంటే పరాయి సొమ్మును మన దగ్గర ఉంచుకున్నందుకు కట్టే అద్దె. ఎక్కువ సొమ్ము ఎక్కువ కాలం మన దగ్గర ఉంటే అద్దె కూడా ఎక్కువే అవుతుంది. తొలి ఏళ్లలో దాదాపు మొత్తం అప్పు అలాగే ఉంటుంది కాబట్టి వాయిదాలో వడ్డీ వాటా పెద్దదిగా కనిపిస్తుంది.

అయితే మోసం లేదన్నంత మాత్రాన ఆ పట్టికను తేలికగా తీసుకోవచ్చని కాదు. మీ లెక్క ప్రకారమే చూద్దాం. ఐదేళ్లలో మీరు కట్టేది 20 లక్షల 83 వేలు. కానీ అసలులో తగ్గేది దాదాపు 4 లక్షల 75 వేలు మాత్రమే, ఇంకా 35 లక్షల 25 వేలు బాకీ ఉంటుంది. గడువులో సరిగ్గా సగం, అంటే పదేళ్లు గడిచాక కూడా 28 లక్షల బాకీ మిగిలే ఉంటుంది. వాయిదాలో అసలు వాటా వడ్డీ వాటాను మించడం 143వ నెలలో, అంటే పన్నెండో ఏడాది చివర్లో, మొదలవుతుంది. తీసుకున్న అప్పులో సగం తీరేసరికి 13 ఏళ్ల 10 నెలలు పడుతుంది. ఐదారేళ్లలో ఇల్లు అమ్మి వేరే చోటికి వెళ్లే అవకాశం ఉన్నవారు ఈ సంఖ్యలను మరింత శ్రద్ధగా చూడాలి. ఎందుకంటే వారు అప్పుడు తీర్చవలసినది వారు ఊహించుకున్నదాని కంటే చాలా పెద్ద మొత్తంగా ఉంటుంది.

ఇక గడువు సంగతి. అదే అప్పు, అదే వడ్డీ. 15 ఏళ్లకైతే వాయిదా 39,390, మొత్తం వడ్డీ 30 లక్షల 90 వేలు. 20 ఏళ్లకు వడ్డీ 43 లక్షల 31 వేలు. 30 ఏళ్లకు వాయిదా 30,757కు తగ్గుతుంది, వడ్డీ మాత్రం 70 లక్షల 72 వేలకు చేరుతుంది. నెలకు నాలుగు వేలకు కాస్త తక్కువ ఊరట కోసం అదనంగా 27 లక్షలకు పైగా వడ్డీ కట్టడమన్న మాట. వాయిదా ఇంతకంటే తగ్గకపోవడానికి కారణం కూడా పట్టికలోనే ఉంది: మొదటి నెల వడ్డీ 28,333 కనుక, గడువును 30 ఏళ్లు కాదు, ఎంత పెంచినా వాయిదా ఆ అంకె కంటే కిందికి దిగదు. అందువల్ల గడువును పొడిగించిన కొద్దీ దొరికే ఊరట తగ్గిపోతూ, కట్టే మూల్యం పెరిగిపోతూ ఉంటుంది.

రెండో సమాధానం

పై లెక్కలన్నీ సరైనవే. కానీ 20 ఏళ్ల చెల్లింపులను ఒకదానిపై ఒకటి కూడి, దానినే ఇంటి అసలు ధర అనుకోవడంతో నేను ఏకీభవించలేను. ఈ రోజు కట్టే 34,713కీ, ఇరవై ఏళ్ల తరువాత కట్టే 34,713కీ విలువ ఒకటి కాదు. ధరలు ఏడాదికి 5 శాతం చొప్పున పెరుగుతాయని అనుకుంటే, చివరి వాయిదా విలువ నేటి లెక్కలో దాదాపు 13 వేలే. అదే 5 శాతం చొప్పున 240 వాయిదాలన్నింటినీ నేటి విలువలోకి తెచ్చి కూడితే వచ్చేది 83 లక్షలు కాదు, సుమారు 52 లక్షల 60 వేలు. అంటే మీరు ఈ రోజు అందుకునే 40 లక్షలకు, నేటి విలువలో అదనంగా కట్టేది 12 లక్షల 60 వేల దాకా. ఇదీ చిన్న మొత్తమేమీ కాదు. కానీ 43 లక్షలని భయపడడానికీ, దీనికీ చాలా తేడా ఉంది.

అయితే ఈ లెక్కను ఊరట కోసం మాత్రమే వాడుకోకూడదు. ధరలతో పాటు మీ ఆదాయం కూడా పెరిగినప్పుడే వాయిదా భారం తేలికవుతుంది. ఆదాయం నిలిచిపోయి ధరలు మాత్రం పెరిగితే, వాయిదా కట్టాక ఇంటి ఖర్చులకు మిగిలేది ఏటేటా చాలకుండా పోతుంది. మరో విషయం. గడువు 30 ఏళ్లకు పెట్టుకుని, ప్రతి నెలా మిగిలే దాదాపు నాలుగు వేలను మదుపు చేస్తే లాభమని కొందరు వాదిస్తారు. పన్ను పోగా ఆ మదుపు మీద వచ్చే రాబడి 8.5 శాతాన్ని దాటి, అదీ మొదటి ఇరవై ఏళ్ల పాటు ఒక్క నెలా మానకుండా మదుపు చేయగలిగితేనే ఆ వాదన నిలుస్తుంది. రుణం మీద వడ్డీ ఖాయం, మదుపు మీద రాబడి ఖాయం కాదు. మిగిలిన సొమ్ము మదుపులోకి కాక రోజువారీ ఖర్చుల్లోకి పోయే ఇళ్లే ఎక్కువని నా నమ్మకం.

ప్రశ్న అడిగినవారు

ఇద్దరికీ కృతజ్ఞతలు. మొదట చెప్పని రెండు విషయాలు ఉన్నాయి. మాకు ఇస్తామన్నది మారే వడ్డీ. రేటు పెరిగినా వాయిదా పెంచము, గడువును సర్దుతామని అన్నారు. అలాగే కొన్నేళ్ల తరువాత వడ్డీ తక్కువగా ఉన్న వేరే రుణదాతకు అప్పును మార్చుకోవచ్చని, చేతిలో డబ్బు ఉన్నప్పుడు ముందుగా కట్టుకోవచ్చని చెప్పారు. ఇవన్నీ మొత్తం ఖర్చును ఎంతవరకు మారుస్తాయి?

మూడో సమాధానం

వాయిదా పెంచము, గడువును సర్దుతాము అన్న మాట వినడానికి హాయిగా ఉంటుంది కానీ, మీ రుణంలో అన్నింటికంటే జాగ్రత్తగా చూడవలసినది అదే. రెండేళ్ల తరువాత మీ బాకీ 38 లక్షల 34 వేలు, మిగిలిన గడువు 216 నెలలు ఉంటుంది. అప్పుడు వడ్డీ 8.5 నుంచి 9.5కు పెరిగి, వాయిదా 34,713గానే ఉంటే, మిగిలిన గడువు 263 నెలలు అవుతుంది. ఒక్క శాతం పెరిగినందుకు దాదాపు నాలుగేళ్ల వాయిదాలు, అంటే 16 లక్షలకు పైగా, అదనంగా పడతాయి. మీ నెలవారీ జమాఖర్చుల్లో మాత్రం ఏ తేడా కనిపించదు. అదే వడ్డీ 11 శాతానికి చేరితే ఒక నెల వడ్డీయే 35 వేలు దాటుతుంది. మీరు క్రమం తప్పకుండా వాయిదా కడుతున్నా అది వడ్డీకే చాలక, తీరని వడ్డీ అసలులో కలిసి, బాకీ తగ్గడానికి బదులు పెరుగుతుంది. కాబట్టి రేటు మారిన ప్రతిసారీ కొత్త పట్టికను అడిగి తీసుకోండి. వీలైనంతవరకు గడువును కదలనీయకుండా వాయిదానే పెంచమనండి. రేటు రెండు శాతం పెరిగితే వచ్చే వాయిదాను మీరు భరించగలరో లేదో సంతకం చేయక ముందే చూసుకోవాలి. భరించలేని పరిస్థితి ఉంటే, ఆ రుణం మీకు ఇప్పటికే పెద్దదన్నట్టు.

అప్పు మార్చుకోవడంలో ఒక చిక్కు ఉంది. ఐదేళ్లయ్యాక బాకీ 35 లక్షల 25 వేలని పైన చెప్పారు కదా. దానిని 8 శాతానికి మార్చుకుని, కొత్తగా మళ్లీ 20 ఏళ్ల గడువు పెట్టుకుంటే వాయిదా 29,485కు తగ్గుతుంది. కానీ మొత్తం కట్టేది 70 లక్షల 76 వేలు. పాత రుణంలోనే కొనసాగితే మిగిలిన 15 ఏళ్లలో కట్టవలసినది 62 లక్షల 48 వేలే. వడ్డీ తగ్గినా ఖర్చు 8 లక్షలకు పైగా పెరిగిందంటే, గడువును వెనక్కి జరపడమే కారణం. అదే 8 శాతాన్ని మిగిలిన 15 ఏళ్లకే పెట్టుకుంటే వాయిదా 33,687 అయి, సుమారు 1 లక్ష 85 వేలు ఆదా అవుతుంది. అందులో నుంచి కొత్త రుణపు రుసుములు, తనఖా నమోదు ఖర్చులు, పాత రుణాన్ని ముందే మూసినందుకు జరిమానా ఉంటే అది, తీసివేయాలి. అప్పటికి మిగిలేదే నిజమైన ఆదా.

రుసుముల ప్రభావం మనం రుణాన్ని ఎంత కాలం ఉంచుకుంటామన్న దానిని బట్టి మారుతుంది. 40 లక్షలపై ఒక శాతం రుసుము పోతే చేతికి వచ్చేది 39 లక్షల 60 వేలే. 20 ఏళ్లూ కొనసాగితే నిజంగా పడే వడ్డీ రేటు 8.64 శాతం దాకా అవుతుంది. మూడేళ్లకే మూసేస్తే అదే రుసుము రేటును 8.9 శాతం దాకా లాగుతుంది. రెండు రుణాలను పోల్చేటప్పుడు రుసుములు, తప్పనిసరి బీమా కలిపిన వార్షిక రేటును అడగండి. ఆ బీమా సొమ్మును కూడా అప్పులోనే కలిపితే, దాని మీద కూడా 20 ఏళ్ల వడ్డీ పడుతుంది. ఎవరైనా చాలా తక్కువ రేటు చెబితే, అది తగ్గుతున్న బాకీ మీదనా, లేక మొదటి అసలు మీద చివరి వరకు ఒకేలా వేసేదా అని తేల్చుకోండి. 20 ఏళ్లకు మొదటి అసలు మీద వేసే 5 శాతం, తగ్గుతున్న బాకీ మీద వేసే దాదాపు 8 శాతంతో సమానం.

నాలుగో సమాధానం

ముందస్తు చెల్లింపు గురించి నేను చెబుతాను. ఎంత కట్టామన్న దానితో పాటు ఎప్పుడు కట్టామన్నదీ ఇందులో ముఖ్యం. వడ్డీ 8.5 శాతంగానే ఉందనుకుని చూడండి. మొదటి ఏడాది ముగిశాక 2 లక్షలు కట్టి, వాయిదాను మార్చకుండా ఉంచితే, గడువు 26 నెలలు తగ్గి 7 లక్షలకు పైగా వడ్డీ మిగులుతుంది. అదే 2 లక్షలు పదిహేనో ఏడాది ముగిశాక కడితే తగ్గేది ఎనిమిది తొమ్మిది నెలలు, మిగిలే వడ్డీ లక్షకు కాస్త తక్కువ. చివరి ఏళ్లలో పెద్ద మొత్తం చేతికి వచ్చినప్పుడు అప్పు తీర్చేయాలన్న తొందర సహజమే కానీ, అప్పటికి వడ్డీలో ఎక్కువ భాగం కట్టేసి ఉంటారు.

అయినా చేతిలో ఉన్నదంతా రుణానికే పెట్టవద్దని గట్టిగా చెబుతాను. ఒకసారి జమ చేసిన సొమ్మును అవసరం వచ్చినప్పుడు వెనక్కి తీసుకోవడం చాలా రుణాల్లో కుదరదు. కొన్ని నెలల ఖర్చులకూ వాయిదాలకూ సరిపడే నిల్వను విడిగా ఉంచుకోవాలి. ఇంతకంటే ఎక్కువ వడ్డీ ఉన్న వ్యక్తిగత రుణాలు, క్రెడిట్ కార్డు బాకీలు ఉంటే వాటిని ముందుగా తీర్చాలి. మీరు వాయిదాను ఆదాయంతో పోల్చి సరిపోతుందనుకున్నారు. ఆ పోలికలో ఆస్తి పన్ను, ఇంటి బీమా, మరమ్మతులు, ఉమ్మడి నిర్వహణ రుసుములు ఉన్నాయో లేదో మరోసారి చూడండి. ఇవి ఏ పట్టికలోనూ కనిపించవు, రుణం తీరినా ఆగవు, పైగా వాయిదాలా స్థిరంగా ఉండక ధరలతో పాటు పెరుగుతాయి. ఇంకా నిర్మాణంలో ఉన్న ఇల్లు అయితే, ఇల్లు చేతికి వచ్చే వరకు, విడుదలైన మొత్తం మీద వడ్డీ మాత్రమే కట్టించుకునే పద్ధతి కూడా ఉంటుంది. అలా కట్టినంత కాలం అసలు ఏమాత్రం తగ్గదు, అప్పటి వడ్డీ మీరు వేసుకున్న 83 లక్షలకు అదనం.

చివరగా ఒక ఆచరణ విషయం. ముందస్తుగా కట్టినప్పుడు ఆ సొమ్మును అసలులో తగ్గించి, గడువును కుదించి, వాయిదాను యథాతథంగా ఉంచమని లిఖితపూర్వకంగా కోరండి. ఏమీ చెప్పకపోతే కొన్నిచోట్ల గడువును అలాగే ఉంచి వాయిదాను తగ్గిస్తారు. మరికొన్నిచోట్ల ఆ సొమ్మును రాబోయే వాయిదాల కింద జమ చేసుకుంటారు. మొదటి పద్ధతిలో ఆదా బాగా తగ్గుతుంది, రెండో దానిలో దాదాపు ఏమీ ఉండదు. మరుసటి నెల ఖాతా వివరాలు తెప్పించుకుని, బాకీ సరిగ్గా మీరు కట్టినంత తగ్గిందా, గడువు ఎన్ని నెలలు తగ్గింది అన్నవి సరిచూసుకోండి.