మోహాక్‌లకు సరిహద్దు దగ్గర ప్రత్యేక హక్కు ఉండాలా?

శ్రీధర్_టొరంటో:
1968 డిసెంబరులో మోహాక్ ఆదివాసీలు అమెరికా, కెనడాలను కలిపే కార్న్‌వాల్ వంతెనను దిగ్బంధించి అరెస్టయ్యారు. అమెరికా వైపు నుంచి ఇంటికి తెచ్చుకునే సరుకుల మీద కెనడా సుంకం వేస్తోందని గొడవ. 1794 నాటి జే ఒప్పందం అటూ ఇటూ స్వేచ్ఛగా తిరిగే హక్కు ఇచ్చిందంటారు. అది బ్రిటన్, అమెరికా రాసుకున్న ఒప్పందం. దాన్ని అమలు చేసే చట్టం కెనడాలో లేదని 1956లోనే సుప్రీంకోర్టు తేల్చేసింది. ఇంకా ఎందుకు ధర్నాలు?

లక్ష్మి_బఫెలో:
శ్రీధర్ గారూ, అమెరికా ఇప్పటికీ పాటిస్తోందిగా. కెనడాలో పుట్టిన ఆదివాసీలు సగం ఆదివాసీ రక్తం ఉన్నట్టు చూపిస్తే వీసా లేకుండా ఇక్కడ ఉండొచ్చు, ఉద్యోగం చేసుకోవచ్చు. కెనడాకేం అడ్డం?

రవి_77:
సిగరెట్ల స్మగ్లింగ్ ఆ దారిలోనే కదా?

లక్ష్మి_బఫెలో:
రవీ, 1988లో వాళ్ల పెద్ద (గ్రాండ్ చీఫ్) మైక్ మిచెల్ దుప్పట్లు, బైబిళ్లు, వాషింగ్ మెషిన్ కస్టమ్స్ వాళ్లకు చూపించి మరీ తెచ్చాడు. సుంకం మాత్రం కట్టనన్నాడు. అది స్మగ్లింగా?

శ్రీధర్_టొరంటో:
2001లో కేసు ఓడిపోయాడని చెప్పరేం? అమెరికా వైపు నుంచి ఉత్తరానికి, అంటే కెనడా వైపుకు, వ్యాపారం చేసే ఆచారం మోహాక్‌లకు ఉన్నట్టు ఆధారాలు చాలవంది కోర్టు. సుంకం సుంకమే.

లక్ష్మి_బఫెలో:
మీరు సుంకం వదలరు! ఆ మోహాక్‌లు ఉండే అక్వెసాస్నే ఒకే సమాజం. న్యూయార్క్, ఒంటారియో, క్యూబెక్ మూడింట్లోనూ ఉంది. 2009లో కస్టమ్స్ వాళ్లకు తుపాకులు వద్దని జనం అడ్డం తిరిగితే, వాళ్లుండే కార్న్‌వాల్ దీవిలోని కస్టమ్స్ ఆఫీసును వంతెన అవతలి కార్న్‌వాల్ ఊరికి మార్చారు. అప్పట్నుంచి అమెరికా వైపు నుంచి వచ్చే దీవివాళ్లు ఇల్లు దాటి వంతెన అవతలికెళ్లి, రిపోర్ట్ చేసి, మళ్లీ వెనక్కి రావాలి.

శ్రీధర్_టొరంటో:
నేను అమెరికాలో ఉండగా మా నాన్న పోయారు. వెళితే వీసా స్టాంపింగ్ అవదేమోనన్న టెన్షన్‌తో కర్మకు కూడా వెళ్లలేదు. పుట్టుకను బట్టి కొందరికి గేటు తీస్తే నాకు మింగుడు పడదండీ.

సుజాత_ఏలూరు:
అయ్యో శ్రీధర్ గారూ.

లక్ష్మి_బఫెలో:
మీకు జరిగింది అన్యాయమే. కానీ మనం అడిగి వచ్చాం. వాళ్లు ఎక్కడికీ వెళ్లలేదు, వాళ్ల ఇళ్ల మధ్య నుంచి గీత గీశారు. మీ కోపం వీసా ఆఫీసు మీద ఉండాలి, వాళ్ల మీద ఎందుకు?

శ్రీధర్_టొరంటో:
పౌరులందరికీ ఒకే చట్టం ఉండాలా వద్దా? అది చెప్పండి.

లక్ష్మి_బఫెలో:
తాము ఆ దేశాల పౌరులమని వాళ్లలో చాలామంది ఒప్పుకోరు! 2010లో మోహాక్‌లు కూడా ఉన్న ఇరోక్వోయ్ తెగల సమాఖ్య లాక్రాస్ (ఒక బంతాట) జట్టును సొంత పాస్‌పోర్టులతో ఇంగ్లండ్ రానివ్వలేదు. అమెరికా, కెనడా పాస్‌పోర్టులు తీసుకోమంటే ప్రపంచ పోటీలే వదులుకున్నారు.

శ్రీధర్_టొరంటో:
సుంకం తగ్గించమంటే నేను సరేనంటాను. దేశంలో ఇంకో దేశమంటే మాత్రం ఒప్పుకోను.

లక్ష్మి_బఫెలో:
వాళ్లు మొదట్నుంచీ అడుగుతున్నది ఆ రెండోదేనండీ.