శిలీంధ్రాల వార్తావల: కల్పనకు శాస్త్రం సాక్ష్యం చెప్పాలా?

కొండవాగు: నేను రాస్తున్న నవలికలో అడవి నేల కింద శిలీంధ్ర తంతువులు అల్లిన సజీవమైన వార్తావల ఒకటి ఉంటుంది. ఒక చెట్టుకు గొడ్డలి తగిలిన క్షణంలోనే 90 కిలోమీటర్ల అవతలి చెట్టుకు కబురు అందుతుంది. 1997లో అటవీ శాస్త్రవేత్త సుజాన్ సిమార్డ్ బృందం కెనడాలోని బ్రిటిష్ కొలంబియా అడవిలో బర్చ్, డగ్లస్ ఫర్ మొక్కల మధ్య కర్బనం చేతులు మారుతోందని 'నేచర్' పత్రికలో చూపింది గనుక, "ఇది శాస్త్రసమ్మతం" అని ముందుమాటలో రాయదలిచాను. సభ్యుల అభిప్రాయం కోరుతున్నాను.

నల్లరేగడి: కర్బనం చేరడం వేరు, కబురు చేరడం వేరు. ఆ ప్రయోగంలోనే, బర్చ్, ఫర్ వేర్లను అల్లుకునే శిలీంధ్రాలతో పొత్తు లేని వెస్టర్న్ రెడ్ సెడార్ మొక్కలకు కూడా కొంత కర్బనం చేరింది. అంటే మట్టి గుండా వెళ్లే దారీ ఉన్నట్టే. 2023లో కార్స్ట్, జోన్స్, హోక్సెమా అనే శాస్త్రవేత్తలు చేసిన సమీక్ష ప్రకారం, పెద్ద చెట్లు తమ పిల్లమొక్కలకు ఈ వల ద్వారా హెచ్చరికలు పంపుతాయనడానికి అడవిలో జరిగిన ప్రచురిత పరిశోధన ఒక్కటీ లేదు. వీరిలో జోన్స్ 1997 నాటి పరిశోధనలోనూ భాగస్వామి.

కొండవాగు: 2013లో చిక్కుడు జాతి మొక్కలపై జరిగిన ప్రయోగాన్ని మీరు ఎందుకు దాటవేశారు? ఒక మొక్కకు పేనుబంక పట్టినప్పుడు, శిలీంధ్ర తంతువులతో దానికి కలిసి ఉన్న పక్క మొక్కలు పురుగు రాకముందే దాన్ని తరిమే వాసనలు విడుదల చేశాయి. అది కబురు కాకపోతే మరేమిటి?

నల్లరేగడి: అవి ప్రయోగం కోసం పక్కపక్కన పెంచిన మొక్కలు, మీవి 90 కిలోమీటర్లు. 2022లో పరిశోధకుడు ఆడమాట్‌స్కీ నాలుగు రకాల శిలీంధ్రాల్లో విద్యుత్ స్పందనలను నమోదు చేస్తే, ఒక్కో స్పందన గంట నుంచి 21 గంటల దాకా సాగింది. మీ కబురు అందేసరికి ఆ చెట్టు కలప డిపోలో ఉంటుంది.

చదువరి: పేదరాశి పెద్దమ్మ కథల్లో చెట్లు మాట్లాడినప్పుడు వేగం ఎంతని ఎవరూ కొలవలేదు.

వేరుపిలక: అమెరికాలోని ఆరెగాన్‌లో 9 చదరపు కిలోమీటర్లకు పైగా విస్తరించిన ఒకే శిలీంధ్రం ఉంది కదా.

నల్లరేగడి: ఉంది, కానీ అది చెట్ల వేర్లను కుళ్లబెట్టి చంపే జాతి. వేగాన్ని వదిలేసినా నా బాధ వేరు. మా మిరప తోటకు వేరు శిలీంధ్రపు పొడి అమ్మిన వ్యాపారి, మొక్కలు వల ద్వారా పురుగు వార్త చెప్పుకుంటాయని, మందు కొట్టే పని తగ్గుతుందని ఇలాగే శాస్త్రం పేరు చెప్పాడు. ఆ పొడి భాస్వరం అందించడానికి పనికొస్తుందేమో గాని, నల్ల తామర పురుగు పూతను నాశనం చేసినప్పుడు ఏ మొక్కా పక్క మొక్కను కాపాడలేదు.

కొండవాగు: మీ తోట నష్టానికి నా నవలిక పూచీ పడాలా? ఇది చర్చా, పంచాయితీయా?

నల్లరేగడి: నవలికలో వేగాన్ని వంద రెట్లు చేసుకోండి, నాకు అభ్యంతరం లేదు. నా అభ్యంతరమంతా ముందుమాటలోని ఆ ఒక్క వాక్యం మీదే.

కొండవాగు: ఆ వాక్యం తీసేస్తే ఏమవుతుందో నాకు తెలుసు. ఇంతకు ముందు రాసిన కథను ఒక సంపాదకుడు "పిల్లల పత్రికకు పంపండి" అంటూ తిప్పి పంపారు. తెలుగులో వైజ్ఞానిక కల్పన రాసేవారు ప్రతిసారీ ఒక ధ్రువపత్రం జతచేస్తే తప్ప పెద్దలు చదవరు.

నల్లరేగడి: అంటే మీకు కావలసింది ఆధారం కాదు, మర్యాద. దాన్ని మీ కథే సంపాదించాలి, సిమార్డ్ కాదు.

వేరుపిలక: కబురు 21 గంటలు ఆలస్యంగా చేరితే కథకు ఇంకా బిగువు వస్తుంది. నరికేవాళ్లు రెండో చెట్టు దగ్గరికి ముందే చేరుతారు.

కొండవాగు: ఆలస్యం సంగతి ఆలోచిస్తాను. వాక్యం మాత్రం ఉంటుంది.

నల్లరేగడి: ఉంటే, దాని పక్కనే 2023 సమీక్ష సంగతి కూడా రాయండి.

కొండవాగు: నేను రాసేది ముందుమాట అండీ, పరిశోధన వ్యాసం కాదు.

నల్లరేగడి: అదే నేనూ మొదటి నుంచీ చెబుతున్నది.